ఖర్జూరం వేసి సంతకం చేయండి

మా మామయ్య గేదె చచ్చిపోయింది. పల్నాడులో గేదె చావడం వార్త కాదు. దానికి బీమా ఉండటం వార్త. ఆ బీమా కంపెనీ తెలుగులో ఉత్తరం రాయడం ఇంకా పెద్ద వార్త. ఆ ఉత్తరం పట్టుకుని మామయ్య బస్సెక్కి హైదరాబాదు వచ్చాడు. చెప్పులైనా విప్పకుండా గుమ్మంలోనే అడిగాడు.

"ఏరా అల్లుడూ, నా మీద కేసేమన్నా పెట్టారా?"

ఎందుకంటే కాగితం నెత్తిన లావుపాటి అక్షరాల్లో ఉంది: "దావా ఫారం". దావా అంటే ఏమిటో మన ఊళ్ళలో చిన్నపిల్లాడిక్కూడా తెలుసు. కోర్టు, వకీలు, వాయిదాలు, చివరికి పొలం అమ్మకం. బీమా సొమ్ము అడగడాన్ని ఇంగ్లీషువాడు క్లెయిమ్ అన్నాడు. మా ఊరూ క్లెయిమ్ అనే అంటుంది. "క్లెయిమ్ వచ్చిందా?" అని పాలకేంద్రం దగ్గర ఒకళ్ళనొకళ్ళు అడుగుతూనే ఉంటారు. కానీ ఉత్తరం తయారుచేసిన మహానుభావుడికి ఉన్నట్టుండి భాషాభిమానం పొంగింది. క్లెయిమ్ పీకేసి దావా పడేశాడు.

కింద అసలు సంగతి. ఉన్నదున్నట్టు దింపుతున్నా: "మీ పశువు గడువు ముగిసిన పరిస్థితులను మీ స్వంత మాటలలో నిరోధక ఉత్తరాలలో వ్రాయండి. చెవి ట్యాగును జప్తు చేయండి. ఏది విఫలమైతే మీ దావా మూసివేయబడును." ఆ కింద గీతలు. ఒక గీత పక్కన "బ్యాంకు కొమ్మ". ఇంకో గీత పక్కన "ఖర్జూరం". ఆఖర్న "సంతకం".

మామయ్య చదివింది ఆరో తరగతే. కానీ పొద్దున్నే పేపరు మొదటి పేజీ నుంచి సినిమా పేజీ దాకా వదలకుండా చదివే మనిషి. రిజిస్ట్రేషను కాగితాల్లో మెలికలు పట్టుకోగలడు. అలాంటి మనిషి ఈ నాలుగు ముక్కల ముందు చతికిలబడ్డాడు. "గేదెకు గడువేంట్రా? అదేమన్నా మందు సీసానా?" అన్నాడు.

నేను చాలా ఏళ్ళు పత్రికాఫీసు డెస్కులో ఏజెన్సీ వార్తలు తెలుగు చేసి బతికినవాణ్ణి. అందుకని నాకు పది నిమిషాలు పట్టింది. ఎక్స్‌పైర్ అంటే చనిపోవడం, మందు గడువు తీరడం కూడా. అటాచ్ అంటే జతచేయడం, కోర్టువాళ్ళు జప్తు చేయడం కూడా. 'ఏది విఫలమైతే' అంటే 'ఫెయిలింగ్ విచ్', అలా చేయకపోతే అని. బ్రాంచి కొమ్మయింది. డేట్ అంటే తేదీ. అరబ్బు దేశాల నుంచి మనవాళ్ళు పెట్టెల్లో తెచ్చే పండు కూడా. ఇక ఆ నిరోధక ఉత్తరాలు? బ్లాక్ లెటర్స్! ఇంగ్లీషులో పెద్దబడి అక్షరాలు. తెలుగులో పెద్దబడీ చిన్నబడీ ఎక్కడున్నాయి? అంటే ఆ ముక్కను ఎంత బాగా అనువదించినా దండగే. తీసిపారేయాల్సిన ముక్క. తీసెయ్యాలని తెలియాలంటే రాసేవాడికి అఆలు తెలియాలి. అదేగా చిక్కు!

గమనించారా నేనేం చేశానో? తెలుగు ఉత్తరాన్ని మనసులో ఇంగ్లీషులోకి తిప్పుకున్నాను. అప్పుడు గానీ అర్థం కాలేదు. మీరూ అంతే. ఏటీఎం ముందు నిలబడి తెలుగు నొక్కి, అందులో మాటలు చూసి బెదిరి, వెనక్కొచ్చి ఇంగ్లీషు నొక్కరా? పరీక్ష హాల్లో తెలుగు ప్రశ్న చదివి, పక్కనున్న ఇంగ్లీషు ప్రశ్నతో సరిచూసుకోరా? తెలుగు ప్రతి ఎవరి కోసం? ఇంగ్లీషు రానివాళ్ళ కోసం. అది ఎవరికి అర్థమవుతుంది? ఇంగ్లీషు వచ్చినవాళ్ళకు. ఇంగ్లీషు వచ్చినవాడికి ఈ తెలుగుతో పనేంటి? రానివాడికి దీనివల్ల ఒరిగిందేంటి? మరి అచ్చేసింది ఎవరికోసమండీ? "తెలుగులో ఇచ్చాం" అని ఫైల్లో రాసుకోవడం కోసం. అంతే.

ఇదొక్కటే అయితే నవ్వి ఊరుకోవచ్చు. ఆ కాగితం అడుగున, చీమ తలకాయంత అక్షరాల్లో, ఒక లైను ఉంది. అదొక్కటి మాత్రం తప్పుల్లేని తెలుగు: "అనువాదంలో తేడా ఉన్నచో ఆంగ్ల ప్రతియే తుది."

చూశారా తెలివి! మొత్తం కాగితంలో ఒక్క వాక్యమే మనిషి రాశాడు. అది తన పీక కాపాడుకునే వాక్యం. వంట చెడగొట్టి, తిన్నవాడికి కడుపునొప్పి వస్తే బాధ్యత మాది కాదని గోడ మీద రాసి పెట్టే హోటలు ఎక్కడైనా ఉందా? భాష విషయంలో మాత్రం దేశమంతా ఆ హోటళ్ళే. అందులో చాలా వాటికి నాలుగు సింహాల ముద్ర కూడా ఉంటుంది.

నీట్ సంగతే తీసుకోండి. డాక్టరు కావాలనుకునే పిల్లలు తెలుగుతో సహా 13 భాషల్లో రాయొచ్చంటారు. బాగుంది, చప్పట్లు. నిబంధనల్లోకి వెళ్ళండి. అనువాదంలో అనుమానం వస్తే ఇంగ్లీషు ప్రశ్నే ఆఖరి మాట. 2018లో తమిళ పిల్లల పని ఏమయిందో గుర్తుందా? ప్రశ్నపత్రంలో 49 ప్రశ్నలకు తమిళ అనువాదం తప్పని కేసు పడింది. చీతా పులి తమిళంలో 'సీత్తా' అయి కూర్చుందని అప్పట్లో పత్రికలు రాశాయి. ఎదురుగా ఉన్నది పులో, రాములవారి భార్యో, సీతాఫలమో పదిహేడేళ్ళ పిల్ల తేల్చుకోవాలి. తప్పు టిక్కు పెడితే మార్కు పోవడమే కాదు, ఉన్న మార్కుల్లోంచి ఒకటి కోత. పులి తప్పుగా రాసినవాడికి ఎంత కోత పడింది? ఎవరైనా విన్నారా?

మద్రాసు హైకోర్టు మధురై బెంచి జులైలో తీర్పిచ్చింది. 49 ప్రశ్నలు, ప్రశ్నకు 4 చొప్పున 196 మార్కులు తమిళంలో రాసినవాళ్ళకు కలపమంది. పరీక్ష పెట్టిన సీబీఎస్‌ఈ సుప్రీంకోర్టుకు పరిగెత్తింది. వారాలు తిరక్కుండా స్టే. నవంబరులో ఆ తీర్పే కొట్టేశారు. 720 మార్కుల పరీక్షలో అందరికీ గంపగుత్తగా 196 పంచడం సబబేనా అన్న వాదనలో పస లేదని నేననను. ఉంది. కానీ మార్కులు కలపడం తప్పయినప్పుడు, తప్పు ప్రశ్న ఇవ్వడం ఒప్పా? హైకోర్టు గడప నుంచి సుప్రీంకోర్టు గడపకు తిరిగిన ఓపికలో పావొంతు, ముద్రణకు ముందు ఒక తమిళ సైన్సు మాస్టారి చేతికి ఆ కాగితమిచ్చి "ఒక్కసారి చదివి పెట్టండయ్యా" అనడానికి లేకపోయిందా?

ఇదేదో అరవవాళ్ళ గొడవ అనుకుంటున్నారా? హిందీ వాళ్ళకూ తప్పలేదు. 2014లో సివిల్స్ అభ్యర్థులు సీశాట్ పేపరు మీద ఢిల్లీ వీధుల్లోకి వచ్చినప్పుడు పదేపదే ఎత్తిచూపిన ఉదాహరణ ఒకటుంది. స్టీల్ ప్లాంటును హిందీలో ఇనుప మొక్క చేశారని. దేశాన్ని నడిపే కేంద్రం మాట్లాడే భాషలోనే ఉక్కు ఫ్యాక్టరీకి వేళ్ళు పుట్టుకొస్తే, మన బోడి బీమా ఉత్తరంలో బ్యాంకుకు కొమ్మలు మొలవడంలో వింతేముంది? వైజాగులో అంత పెద్ద మొక్క ఉందని ఇన్నాళ్ళూ మనకు తెలియనే లేదు.

సివిల్స్ మాట వచ్చింది కాబట్టి ఇంకో ముచ్చట. 1979 నుంచి మెయిన్స్ జవాబులు తెలుగులో రాసుకోవచ్చు. ఎంత ఉదారం! మరి ప్రశ్నలు? హిందీలో, ఇంగ్లీషులో మాత్రమే. అడిగేవాడు తన భాషలో అడుగుతాడు. చెప్పేవాడు వాడి భాషలో అర్థం చేసుకుని, మన భాషలోకి తెచ్చుకుని, ఆలోచించి, రాయాలి. అంతా అదే మూడు గంటల్లో. ప్రశ్నను తెలుగు చేసే ఉద్యోగం యూపీఎస్సీ చేయాల్సింది. దాన్ని జీతం లేకుండా అభ్యర్థి చేత చేయిస్తోంది. పైగా 'విమర్శనాత్మకంగా పరిశీలించండి' అంటే తిట్టమనా, పొగడకుండా ఉండమనా అని కోచింగ్ సెంటర్లలో క్లాసులు జరుగుతాయి. ఫీజు కట్టి మరీ ప్రశ్న అర్థం చేసుకుంటున్నాం. జవాబుకు వేరే ఫీజు.

పరీక్షలంటే పోనీ, రాసేవాడి అవసరం అనుకుందాం. ప్రభుత్వమే మనల్ని బతిమాలి రాయమన్న సందర్భం ఒకటుంది. 2020 మార్చి. కరోనా లాక్‌డౌన్ మొదలయ్యే ముందు రోజుల్లో కేంద్ర పర్యావరణ శాఖ ఒక ముసాయిదా తయారుచేసింది. గనులు, ఆనకట్టలు, ఫ్యాక్టరీలు పెట్టేముందు పర్యావరణం మీద ప్రభావం ఎలా లెక్కగట్టాలి, జనం మాట ఎప్పుడు వినాలి, ఎప్పుడు వినక్కర్లేదు అని చెప్పే ముసాయిదా. "ప్రజలారా, మీ అభ్యంతరాలు రాసి పంపండి" అన్నారు. మహా ప్రజాస్వామ్యం! ఏ భాషలో వేశారు? హిందీ, ఇంగ్లీషు.

దాచేపల్లి చుట్టుపక్కల సున్నపురాయి గనుల దుమ్ము మింగుతూ కాపురముండే రైతు దానికి జవాబు రాయాలి. సిమెంటు ఫ్యాక్టరీ హారను విని టైము చెప్పగలిగే మనిషి. ఆ దుమ్ము ఏ నెలలో ఏ దిక్కుకు పోతుందో వాళ్ళ శాస్త్రవేత్తలకన్నా బాగా తెలిసిన మనిషి. ఆయన్నే అడిగారు, ఆయనకు రాని భాషలో. అడిగినట్టా, అడగనట్టా? చెవిటివాడి ముందు శంఖం ఊదారంటారు. ఇక్కడ చెవులు బాగానే ఉన్నాయి. ఊదినవాడే శంఖానికి గుడ్డ కుక్కి ఊదాడు.

కొందరు కోర్టుకెళ్ళారు. జూన్ 30న ఢిల్లీ హైకోర్టు గట్టిగా చెప్పింది. రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూలులో ఉన్న 22 భాషల్లోకీ పది రోజుల్లో అనువదించి వేయమంది. అభ్యంతరాల గడువు ఆగస్టు 11కు జరిపింది. అనువదించారా? మీరు మరీ అమాయకులు. కేంద్రం సుప్రీంకోర్టుకెళ్ళింది. ఎందుకు? అనువదించకుండా ఉండటానికి! చట్టప్రకారం హిందీ, ఇంగ్లీషు చాలని వాదన. ముసాయిదాను తెలుగు చేయడానికి పట్టే ఖర్చెంత, పెద్ద వకీళ్ళను పెట్టి చేయనని వాదించడానికి అయ్యే ఖర్చెంత? నేనడగను. అడిగితే జవాబు ఇంగ్లీషులో వస్తుంది.

ఢిల్లీని తిట్టడం తేలిక. ఇంటి సంగతి చూద్దాం. ఆంధ్రప్రదేశ్ అధికార భాషా చట్టం 1966లో వచ్చింది. అధికార భాషా సంఘం 1974లో వచ్చింది. చట్టానికి షష్టిపూర్తి వయసొచ్చింది. రాష్ట్రం రెండయింది. అంటే ఒక తెలుగుకు రెండు సర్కార్లు. ఉత్తర్వులు? అసలు జీవో ఇంగ్లీషులో పుడుతుంది. ఎవరైనా గోల చేస్తే దానికి తెలుగు తొడుగు తొడుగుతారు. ఆ తెలుగులో ప్రతి మనిషీ 'బడు'తూ ఉంటాడు. దరఖాస్తు తిరస్కరించబడును. అర్జీ పరిశీలించబడును. తగు చర్య తీసుకొనబడును. ఎవరు తిరస్కరిస్తారు? ఎవరు పరిశీలిస్తారు? ఎవరు తీసుకుంటారు? ఎవరూ కాదు. అదే 'బడు' గొప్పతనం. కర్త లేడు కాబట్టి కాలరు పట్టుకోవడానికీ ఎవడూ దొరకడు. దీన్ని మాత్రం నేను అనువాద దోషమనను. ఇది నిఖార్సైన పనితనం.

ఏటా ఆగస్టు 29న ఈ ఆఫీసుల్లోనే దండలు వేస్తారు. గిడుగు రామమూర్తి జయంతి, తెలుగు భాషా దినోత్సవం. ఆహ్వానపత్రిక చూశారా ఎప్పుడైనా? "తమ శుభాగమనముచే సభను జయప్రదము గావింప ప్రార్థన." వాడుక భాష కోసం జీవితమంతా పోట్లాడిన మనిషికి గ్రాంథికంలో పిలుపు! ఆయన పర్లాకిమిడిలో మాస్టారుగా ఉండి ఏం చేశాడో తెలుసా? ఆ కొండల్లో ఉండే సవరలతో మాట్లాడాలంటే వాళ్ళ భాష తాను నేర్చుకోవాలనుకున్నాడు. నేర్చుకున్నాడు. వాళ్ళ పిల్లలకు వాళ్ళ భాషలోనే పుస్తకాలు రాశాడు. నిఘంటువు చేశాడు. అవతలివాడికి మన మాట తెలియాలంటే మనమే ఒక మెట్టు దిగాలన్న ఇంగితం వందేళ్ళ కిందటే ఒక బడిపంతులుకు ఉంది. కంప్యూటరు, ఇంటర్నెట్టు, భాషా శాఖ, బడ్జెట్టు అన్నీ ఉన్నవాళ్ళకు లేదు. దండ మాత్రం వేస్తారు. బంతిపూలది, బరువైనది.

"ఇప్పుడు యంత్రాలొచ్చాయి కదండీ, అన్నీ అవే అనువదిస్తాయి" అంటారు. వచ్చాయి. 2025 జులైలో కర్ణాటక ముఖ్యమంత్రి సిద్ధరామయ్య నటి బి.సరోజాదేవికి కన్నడంలో సంతాపం చెప్పారు. ఫేస్‌బుక్ యంత్రం దాన్ని ఇంగ్లీషు చేసి, పోయింది ముఖ్యమంత్రే అన్నట్టు చూపించింది. తన సంతాపం తానే చదువుకున్న అదృష్టవంతుడు. ఆయన ఊరుకోలేదు, మెటా కంపెనీకి ఉత్తరం రాయించారు. కంపెనీ క్షమాపణ చెప్పి సరిచేసింది. ముఖ్యమంత్రి కాబట్టి చెప్పింది. మా మామయ్య గేదెను గడువు తీరిన సరుకు చేస్తే ఎవడు చెబుతాడు క్షమాపణ?

యంత్రాన్ని నేను తిట్టను. దానికి గేదె తెలియదు, ఖర్జూరమూ తెలియదు. పెట్టిన పని చేసింది. నా కోపమంతా దాని పక్కన కూర్చుని జీతం తీసుకునేవాడి మీద. అచ్చుకు పంపేముందు ఆ నాలుగు లైన్లూ ఒక్కసారి పైకి చదివాడా? ఇంటికి తీసుకెళ్ళి వాళ్ళమ్మకు చూపించాడా? ఆవిడ నవ్వితే చించేయాలి. ఆవిడ తికమకపడినా చించేయాలి. ఇంతకన్నా పరీక్ష ఏముంది దీనికి? మా డెస్కులో రాత్రి పదిన్నరకు, పేజీలు కదిలిపోతున్న వేళ, ఒక కుర్రాడు ఏజెన్సీ కాపీ చేసి తెచ్చాడు. "నిద్రిస్తున్న భాగస్వామి వాటా విక్రయం" అని హెడ్డింగు. మా చీఫ్ సబ్ ఎడిటర్ కళ్ళజోడు నుదుటి మీదకు నెట్టుకుని, "ఏం నాయనా, అతను లేచాక అమ్మకూడదా?" అని కాగితం వెనక్కి విసిరాడు. స్లీపింగ్ పార్ట్‌నర్! పెట్టుబడి పెట్టి, వ్యాపారంలో వేలు పెట్టనివాడు. "తెలియకపోతే రాయకు, ఫోన్ చేసి కనుక్కో" అన్నాడు. పదంటే పదే నిమిషాలు. మర్నాడు పేపరు తెలుగులో వచ్చింది. రాత్రి పూట అరకొర జీతాలతో పత్రికలవాళ్ళు రోజూ చేసే పని, పగటి పూట ఏసీ గదుల్లో ఎందుకు జరగదు?

మనమూ తక్కువ తినలేదు లెండి. కాల్ సెంటరుకు ఫోన్ చేస్తే తెలుగు కోసం ఏ అంకె నొక్కాలో వినే ఓపిక ఉందా మనకు? ఇంగ్లీషు నొక్కేస్తాం. నొక్కేసి, "చూడండి, తెలుగు ఎవరూ వాడట్లేదు" అని వాళ్ళు లెక్క చూపిస్తే తల ఊపుతాం. ఫారంలో "మొదటి పేరు, చివరి పేరు" అని ఉంటే కిక్కురుమనకుండా నింపుతాం. తెలుగువాడికి ఇంటిపేరు మొదట ఉంటుందని ఆ డబ్బా గీసినవాడికి తెలియదు. చివర ఉన్నదే వంశం పేరనుకుని, అమెరికాలో మన సుబ్బారావుని మిస్టర్ రావు చేసేశారు. మనం కార్డు మీద అలాగే అచ్చేయించుకున్నాం.

సరే, మామయ్య దగ్గరికి వస్తా. ఇద్దరం కూర్చుని ఫారం నింపాం. తన సొంత మాటల్లో రాయమన్నారు కదా, రాశాడు. సాయంత్రం పాలు పిండే వేళకు గేదె మేత ముట్టలేదు. డొక్క ఉబ్బింది. పశువుల డాక్టరు పక్క మండలంలో క్యాంపులో ఉన్నాడు. తెల్లారేసరికి పోయింది. పూటకు నాలుగు లీటర్లిచ్చేది. పెద్దమ్మాయి పెళ్ళినాటి పెయ్యకు పుట్టింది. ఒక్క మాట అటూ ఇటూ లేదు, ఎక్కడా 'బడ'లేదు. తేదీ వేశాడు. సంతకం పెట్టాడు. చెవి ట్యాగు, డాక్టరు సర్టిఫికెట్టు జత చేసి రిజిస్టరు పోస్టులో పంపాం.

మూడు వారాలకు కవరు తిరిగొచ్చింది. పైన తెలుగులో ఒక చీటీ: "మీ సమర్పణ అస్పష్టమైనది. అడిగిన సమాచారము అడిగిన రీతిలో నింపబడలేదు." మా ఉత్తరం అస్పష్టమట!

మామయ్య మళ్ళీ వచ్చాడు. ఈసారి చెప్పులు విప్పాడు, మంచినీళ్ళు తాగాడు, తాపీగా ఫారం తీసి వరసల మీద వేలు పెట్టుకుంటూ వచ్చాడు. ఒకచోట ఆగాడు. "అడిగిన రీతిలో అంటున్నాడు కదరా" అని లేచి వీధి చివరి కిరాణా కొట్టుకు వెళ్ళాడు. పొట్లంతో వచ్చాడు. కవరు అంటించి, నన్ను వెంటబెట్టుకుని పోస్టాఫీసుకు నడిచాడు.

కౌంటరులో అమ్మాయి కవరును తక్కెట్లో పెట్టి, మళ్ళీ తీసి, వేళ్ళతో నొక్కి చూసింది.

"ఏముందండీ ఇందులో? మెత్తగా తగులుతోంది."

"తేదీ వేశానమ్మా" అన్నాడు మామయ్య.